మూగచిత్రములలో ఫౌస్టు, భీష్ముడు

తెనాలిని ఆంధ్రా ప్యారిస్ అని పిలుచుట మనకు పరిపాటి. అసలు ప్యారిస్ చెంత 1903లో జార్జి మెలియే అను ఇంద్రజాలికుడు జర్మనుల ఫౌస్టు కథను ఆరేడు నిమిషముల మూగచిత్రముగా దీసెను. పిశాచవేషము తానే ధరించెను.

ఫౌస్టు గొప్ప పండితుడు. చదివిన శాస్త్రములతో తృప్తి చెందక, భోగములకై తన యాత్మను పిశాచమునకు వ్రాసియిచ్చెను. ఆ దస్తావేజునకు సిరా అతని నెత్తురే. గడువు 24 సంవత్సరములు. 1587లో ఫ్రాంక్ఫర్టున అచ్చయిన ఈ కథను తోలుబొమ్మలాటల వంటి బొమ్మలాటలవారు జర్మనీలో ఊరూర నాడిరి. పిమ్మట గేటే మహాకవి దానిని కావ్యము గావించెను. మెలియే చిత్రమున ఒప్పందము ఊసే లేదు. పిశాచము ఫౌస్టును గుహలగుండ నరకమునకు దింపుకొనిపోవుటయే యందలి కథ. చూచువారికి పూర్వకథ కంఠస్థము గనుక అది చాలినది.

మనవారు పట్టినదియు ఈ దారియే. బందరువాడైన రఘుపతి వెంకయ్యనాయుడుగారు మద్రాసులో ఫోటోగ్రాఫరు. 1910 ప్రాంతమున స్టూడియోను తాకట్టుపెట్టి, 30,000 రూపాయలకు క్రోనోమెగాఫోను యంత్రమును కొని, చిన్న చిత్రములను బర్మా, సింహళముల వరకు త్రిప్పి చూపిరి. ఆనాటి ముప్పదివేలనగా సామాన్యమా! పిదప మద్రాసులో గెయిటీ మొదలగు సినిమాహాళ్లను కట్టించిరి. కుమారుడు ప్రకాశ్‌ను లండనుకు బంపి ఈ విద్య నేర్పించిరి. 1921లో తండ్రీకొడుకులు తీసిన మూగచిత్రము ‘భీష్మప్రతిజ్ఞ’. ప్రకాశ్ దర్శకుడు, భీష్ముడు గూడ. గంగ వేషము పెగ్గీ కాస్టెల్లో అను ఆంగ్లో ఇండియను యువతిది. మన రంగస్థలమున స్త్రీవేషములు పురుషులవే యైన కాలమది. బాపట్ల స్థానం నరసింహారావుగారి సత్యభామ నెరిగినవారికి ఇది వేరుగ చెప్పనక్కరలేదు.

ఇచ్చట నొక చిక్కు కలదు. ఫౌస్టుది కాగితము మీది ఒడంబడిక. దానిని కంటికి చూపవచ్చును. దేవవ్రతునిది కేవలము నోటిమాట. తండ్రికొరకు రాజ్యమును, వివాహమును విడిచిన ఆ మాటయే కథకు ప్రాణము. మాటలేని తెరపై మాటనెట్లు వినిపింపగలరు? హరికథలలో, పురాణకాలక్షేపములలో దానిని వేయిమారులు విన్న జనము ఎదుట కూర్చుండుటచేతనే ఆ పని సాధ్యమైనది. వ్రాత పలకలను చదువలేని వారికి ఆ వినికిడియే ఆధారము.

1932లో ‘భక్త ప్రహ్లాద’తో తెలుగు తెరకు మాట వచ్చినది. వెంకయ్యగారు 1941లో గతించిరి. మెలియే 1923లో విసిగి తన మూలఫిల్ములను తానే తగులబెట్టుకొనెను. అయినను ఇతరులయొద్ద మిగిలిన ప్రతులవలన అతని ఫౌస్టును నేటికిని చూడవచ్చును. ‘భీష్మప్రతిజ్ఞ’ ప్రతి యొక్కటియు దొరకలేదు.