కీర్తనల పుస్తకము ఏ అరలో ఉండాలి? – గ్రంథాలయ వర్గీకరణ చరిత్ర

పురుషోత్తమ చౌదరి (1803–1890) కీర్తనలను సెమినరీ గ్రంథాలయములో ఏ అరలో ఉంచాలి? ఆరాధన గ్రంథముల మధ్యనా, తెలుగు సాహిత్యము మధ్యనా? పుస్తకము చోటును బట్టి దాని పాఠకులు మారుతారు. కనుక వర్గీకరణ చరిత్ర సంఘ కాపరులకు కూడా తెలియవలసిన విషయమే.

రాబర్ట్ నోబుల్ మచిలీపట్నంలో పాఠశాల ప్రారంభించిన 1843 నాటికి, నేడు మనమెరిగిన వర్గ సంఖ్యలు లేవు. 1876లో అమెరికాలో మెల్విల్ డ్యూయీ 44 పుటల చిన్న పుస్తకములో దశాంశ పద్ధతిని ప్రకటించాడు. మతమునకు 200వ వర్గము ఇచ్చి, అందులో బైబిలుకు 220ని, క్రైస్తవ సిద్ధాంతము మొదలు సంఘ శాఖల వరకు 230–280లను కేటాయించాడు. మిగిలిన మతములన్నిటికీ కలిపి 290 ఒక్కటే మిగిలింది. అది ఒక అమెరికా కళాశాల పుస్తకముల అవసరమునుండి పుట్టిన క్రమము. మన పొరుగువారి విశ్వాసములు అందులో చివరి అరలో ఇరుక్కున్నాయి.

మచిలీపట్నం అప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలో భాగము. 1914లో బెజవాడలో ఆంధ్రదేశ గ్రంథాలయ సంఘము ఏర్పడింది. అయ్యంకి వెంకటరమణయ్య వంటివారు గ్రామములకు పుస్తకము చేరాలని శ్రమించారు. 1924లో మద్రాసు విశ్వవిద్యాలయ గ్రంథాలయాధికారియైన ఎస్‌. ఆర్‌. రంగనాథన్‌ 1933లో కోలన్‌ వర్గీకరణను ప్రచురించాడు. విషయమును అంశములుగా విడదీసి, తిరిగి గుర్తులతో కలుపుట అందలి విశేషము. అందులో మత వర్గము ‘క్యూ’. వైదిక మతముతో మొదలై, క్రైస్తవ్యము 6వ స్థానములో వస్తుంది. ఏ క్రమమైనను అది పుట్టిన చోటు గుర్తును మోస్తుందని దీనివలన తెలుస్తుంది.

డ్యూయీ పద్ధతి కూడా మారింది. 1996 నాటి 21వ ముద్రణలో క్రైస్తవ్యముపై సాధారణ గ్రంథములు 200 నుండి 230కి వెళ్లాయి. 2003 నాటి 22వ ముద్రణలో 201–209 సంఖ్యలు మతములన్నిటికీ సంబంధించిన సాధారణ విషయములకు వచ్చాయి.

ఇక మన ప్రశ్న. డ్యూయీలో కీర్తనలకు 264.23, తెలుగు సాహిత్యమునకు 894.827. మొదటి చోట ఉంచితే తెలుగు కవిత్వము చదివే విద్యార్థి కంటికి చౌదరి కనబడడు. రెండవ చోట ఉంచితే ఆరాధన క్రమము సిద్ధపరచే కాపరికి దొరకడు. పుస్తకము ఒక్క అరలోనే ఉండగలదు గాని, సూచికలో దానికి రెండు కార్డులు వ్రాయవచ్చును. కృత్తివెన్నులో ఒక్క బీరువా గల కాపరికైనను రెండు శీర్షికలుగల నోటుపుస్తకము చాలును. సాక్ష్యమును, భాషను విడదీయకుండ కాపాడే పని అక్కడే మొదలవుతుంది.