ముస్తఫా ఎక్కడివాడు?

తొంభైల్లో గౌలిగూడ బస్టాండులో దిగి కోఠీ వైపు నడుస్తుంటే, ఓ సందులో వీడియో గేమ్ పార్లర్ ఉండేది. రూపాయికి ఒక కాయిన్. పసుపు టోపీ పెట్టుకుని, పరుగెత్తుకొచ్చి ఎగిరి తన్నే ముస్తఫా కోసం అందరం కొట్లాడుకునేవాళ్లం. ఆటకే అతని పేరు పెట్టేశాం. దాని అసలు పేరు ‘కాడిలాక్స్ అండ్ డైనోసార్స్’ అని, జపాన్ కంపెనీ క్యాప్‌కామ్ 1993లో చేసిందని చాలా ఏళ్లకు గానీ తెలియలేదు.

ఆ రోజుల్లో ఆటంతా బోర్డు మీది చిప్పుల్లోనే ఉండేది. చిప్పులో ఉన్నది చదివి, కొన్ని అంకెలు మార్చి, ఇంకో చిప్పులోకి ఎక్కించి గుచ్చితే హ్యాక్ వెర్షన్ తయారు. క్యాప్‌కామ్‌దే ఇంకో ఆట స్ట్రీట్ ఫైటర్ 2కు 1992లో వచ్చిన ‘రెయిన్‌బో ఎడిషన్’ అలాంటిదే. స్టార్ట్ బటన్ నొక్కితే కుస్తీ మధ్యలోనే మనిషి మారిపోయేవాడు. జనం ఎగబడ్డారు. అది చూసిన క్యాప్‌కామ్ అదే ఏడాది చివర్లో తనే వేగం పెంచిన టర్బో వెర్షన్ తెచ్చింది. దొంగ సరుకు అసలు సరుకును మార్చేసిందన్నమాట! అయినా ఆడేవాడికి రూపాయి తప్ప పోయేదేమీ లేదు. ఆ చిప్పుకు పెట్టె దాటి లోకం లేదు.

1997లో, పాత పార్లర్ ఆటల్ని కంప్యూటర్లో నడిపించే మేమ్ ఎమ్యులేటర్ వచ్చాక చిప్పులు జిప్ ఫైళ్లయి ఇళ్లకు చేరాయి. ఒక్క బైటు తేడా ఉన్నా చెక్‌సమ్ తప్పిందని మేమ్ చెప్పేస్తుంది. చిక్కంతా ఆ జిప్ ఫైలును చుట్టుకుని వచ్చే ‘సెటప్’ ఫైలుతోనే. ముస్తఫా ఆట ఏ ఇంటి కన్సోల్‌కూ అధికారికంగా రాలేదు. అందుకే వెతికేవాళ్లు దొరికిందల్లా నొక్కుతారు.

మొన్న వేసవిలో మా మేనల్లుడి ల్యాప్‌టాప్‌లో దాని ఫలితం కళ్లారా చూశాను. యాంటీవైరస్‌ను ఆపమని సెటప్ ఫైలు అడిగింది, వాడు ఆపాడు. ఆట చక్కగానే నడిచింది. బ్రౌజర్ మాత్రం మేం తెరవని పేజీలు తెరవడం మొదలుపెట్టింది. పిల్లాణ్ణి ఏమనగలం? 2016లో స్ట్రీట్ ఫైటర్ 5కి మోసాలు ఆపాలని క్యాప్‌కామ్ పంపిన డ్రైవరే, ఏ ప్రోగ్రామ్ అయినా జొరబడేలా విండోస్ గర్భగుడి తలుపు తెరిచిపెట్టింది. గోల కాగానే కంపెనీ దాన్ని వెనక్కి తీసుకుంది.

ల్యాప్‌టాప్ ఫార్మాట్ చేయించాను, వేరే ఫోన్ నుంచి పాస్‌వర్డులన్నీ మార్పించాను. క్యాప్‌కామ్ 2018లో తన పాత కొట్లాట ఆటలు ఏడింటిని కలిపి అమ్మకానికి పెట్టింది. అది కొనిచ్చాను. ఏడింటిలోనూ ముస్తఫా లేడు. మేనల్లుడు అందులోని ఫైనల్ ఫైట్ ఆడుతూనే, పసుపు టోపీవాడు ఎప్పుడొస్తాడు మామా అని అడుగుతున్నాడు.