తలుపు తట్టాలంటే తలుపుండాలి

సినిమా చరిత్ర మీద రాస్తున్న ఈ వరుసలో ఇవాళ పి.కె. నాయర్ గురించి. ఆయన పేరు పొందింది సినిమాలు తీసి కాదు, ఊరూరా తిరిగి పాత రీళ్ళు పోగుచేసి. పుట్టింది తిరువనంతపురంలో. 1964లో పుణెలో పెట్టిన జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్‌ని నిలబెట్టింది ఆయనే. 1991లో రిటైరయ్యే నాటికి సుమారు 12,000 సినిమాలు అక్కడికి చేర్చాడు.

1913 నాటి ఫాల్కే 'రాజా హరిశ్చంద్ర' నాలుగు రీళ్ళు. ఇవాళ మొదటిదీ చివరిదీ చూడగలుగుతున్నామంటే నాయర్ నాసిక్ వెళ్ళి ఫాల్కే కుటుంబాన్ని కలిసినందువల్లే. 'కాళీయ మర్దన్' తునకలు దొరికితే, ఫాల్కే రాసుకున్న నోట్సు ముందు పెట్టుకుని వరుస కూర్చాడు. నైట్రేట్ రీలుకి నిప్పంటుకుంటే ఆరదు. పైగా అందులో వెండి ఉంటుంది. ఆ వెండి కోసం తండ్రుల సినిమాలు అమ్మేసుకున్న కొడుకులున్నారు!

నాయర్ పని మీద నాకు గౌరవం ఉంది. కానీ ఆయన వెళ్ళి తలుపు తట్టాలంటే ముందు ఆ తలుపుండాలి కదా?

ఆయన పుట్టిన తిరువనంతపురంలోనే జె.సి. డేనియల్ తొలి మలయాళ సినిమా 'విగతకుమారన్' తీశాడు. ఫాల్కేకి ఆడమనిషి దొరక్క తారామతి వేషం మగవాడికి కట్టాడు. డేనియల్‌కి దొరికింది. పి.కె. రోజీ, దళిత స్త్రీ. వేసింది నాయర్ స్త్రీ వేషం. అదే ఆమె చేసిన నేరం. కాపిటల్ థియేటర్లో తెర మీదికి రాళ్ళు పడ్డాయి. ఆమె ఇల్లు తగలబెట్టారు. తమిళనాడు వైపు పారిపోయింది, మళ్ళీ ఏ సినిమాలోనూ కనిపించలేదు. రీళ్ళేమో డేనియల్ ఇంట్లో, చిన్నకొడుకు ఆటలో కాలిపోయాయి. 1992 నుంచి కేరళ ప్రభుత్వం డేనియల్ పేరున అవార్డు ఇస్తోంది. రోజీ గురించి కున్నుకుళి ఎస్. మణి లాంటివాళ్ళు వెతికి వెతికి రాస్తే తప్ప లోకానికి తెలియలేదు. ఆమె నటన ఒక్క ఫ్రేము కూడా మిగల్లేదు.

మనకి హరిశ్చంద్ర అంటే ఫాల్కే కాదు, కాటిసీను. అందులో జాషువా శ్మశానం పద్యాలు కలిపి పాడారు మన రంగస్థల నటులు. పొలం పనికి పోయేవాళ్ళ నోళ్ళలో కూడా ఆ పద్యాలు బతికాయి. పద్యానికి గొంతు చాలు. రీలుకి అలా కుదరదు. చల్లటి గది కావాలి, డబ్బు కావాలి, ఇది మనదని గర్వపడే వారసులు కావాలి. కాలిపోయిన గుడిసెలో ఇవేవీ ఉండవు.

అందుకే అడుగుతున్నాను. కారంచేడు, చుండూరు నాటి సభల క్యాసెట్లు, ఫోటోలు, కరపత్రాలు మన ఇళ్ళ అటకల మీద బూజు పట్టిపోతున్నాయి. టేపు సాగిపోతుంది, ఫోటోలు ఒకదానికొకటి అతుక్కుంటాయి. మీ దగ్గరుంటే ఇన్‌బాక్స్‌లో చెప్పండి. నేనే వచ్చి కాపీ తీయించి, అసలుది మీ చేతికే తిరిగిస్తాను. ఫోటో వెనక పెన్సిల్‌తో పేర్లు మాత్రం ఇవాళే రాసిపెట్టండి, గుర్తుపట్టే పెద్దలు ఉన్నప్పుడే.