సిలాదారు జీను
జీను, కళ్ళెం, రికాబు పట్టీలు రౌతు సొంత ఆస్తిగా ఉండే పద్ధతి భారత అశ్విక దళంలో మొదటి ప్రపంచ యుద్ధం దాకా సాగింది. దాన్ని సిలాదారీ అనేవారు. మరాఠా సైన్యంలో బార్గీరు అనే రౌతుకు గుర్రం, సరంజామా సర్కారు ఇచ్చేది. శిలేదారు మాత్రం తనవి తానే తెచ్చుకునేవాడు. ఆంగ్లేయుల కాలంలో రౌతు గుర్రంతో రావాలి, లేదా ‘అసామీ’ పేరుతో రెజిమెంటుకు ధరావతు కట్టాలి. తుపాకి సర్కారుది, మేత, మరమ్మతు జీతంలోంచే. మద్రాసు లైట్ కావల్రీ రెజిమెంట్లు మూడూ తప్ప మిగిలినవన్నీ ఈ పద్ధతిలోనే నడిచాయి. హైదరాబాద్ కంటింజెంట్ నుంచి వచ్చిన 20వ డెక్కన్ హార్స్ కూడా అంతే.

అందుకే కుట్టు తెగితే ఖర్చు రౌతుదే. చెమటలోని ఉప్పు తోలులో ఇంకి దాన్ని పెళుసు చేస్తుంది. వానాకాలంలో బూజు పడుతుంది. తడిసిన పట్టీని ఎండలోనో పొయ్యి దగ్గరో పెడితే బిరుసెక్కి పగులుతుంది. నీడలో గాలికి ఆరనిచ్చి, కాస్త చెమ్మ ఉండగానే నూనె పట్టించాలి. పశువుల కాలి ఎముకల నుంచి తీసిన నూనె ఇందుకు పేరుపడింది. అదీ మితంగానే వాడాలి; ఎక్కువైతే తోలు సాగిపోతుంది, కుట్టుదారం చివుకుతుంది.

ప్రాణం నిలిపేది ఆ కుట్టే. ఆరెతో పొడిచిన ఒక్కో రంధ్రంలో మైనం పూసిన దారాన్ని రెండు సూదులతో ఎదురెదురుగా దూర్చి బిగిస్తారు. ఒక పోగు తెగినా రెండోది పట్టి ఉంచుతుంది. మిషను కుట్టుకు ఆ భరోసా లేదు. రౌతు ఎప్పుడూ ఎడమవైపు నుంచే ఎక్కుతాడు కనుక ఆ వైపు రికాబు పట్టీ ముందుగా సాగుతుంది. అప్పుడప్పుడూ కుడి ఎడమలు మార్చాలి. అన్నిటికంటే ప్రమాదకరమైనది జీను లోపలి చట్రం విరగడం. పైకి కనబడదు, గుర్రం వెన్ను మీద మాత్రం పుండు పడుతుంది.

1860ల నాటికి కాన్పూరులో సైన్యం కోసం జీన్ల కర్మాగారం వెలిసింది. చుట్టుపక్కల తుమ్మ బెరడు పుష్కలంగా దొరకడం అక్కడి తోలు పరిశ్రమకు కలిసొచ్చింది. దక్షిణాదిలో తోలు ఊనడానికి తంగేడు చెక్కే ఆధారంగా ఉండేది.

1916 జులై 14న ఫ్రాన్సులోని సోమ్ రణరంగంలో డెక్కన్ హార్స్ గుర్రాల మీదే శత్రువుపై దూకింది. అప్పటికే సిలాదారీ కుదేలైంది. వేల మైళ్ళ దూరంలో పోయిన గుర్రానికి, తెగిన జీనుకు బదులు తెచ్చుకోవడం రౌతు వల్ల అయ్యే పని కాదు. పేద రౌతు మీద యుద్ధ ఖర్చు మోపిన ఆ పద్ధతిని ఎత్తేయడం న్యాయమే. యుద్ధానంతర సంస్కరణల్లో 39 రెజిమెంట్లను 21కి కుదించారు. జీను సర్కారు సొత్తయింది. తుడవడం, నూనె పట్టించడం మాత్రం రౌతు పనిగానే మిగిలాయి.