పిల్లల కస్టడీ వివాదాల రాజీ

విడిపోయిన దంపతుల పిల్లలు ఎవరి వద్ద పెరగాలి, రెండవవారు వారిని ఎప్పుడు చూడవచ్చు, పోషణ ఖర్చు ఎవరు భరించాలి అనే విషయాలను తల్లిదండ్రులు పరస్పర అంగీకారంతో తేల్చుకొనుటను పిల్లల కస్టడీ వివాదాల రాజీ అంటారు. భారతదేశంలో ఇట్టి రాజీకి చట్టపరమైన గుర్తింపు ఉంది. అయితే పిల్లల క్షేమానికి విరుద్ధమైన ఒప్పందాన్ని న్యాయస్థానం ఆమోదించనవసరం లేదు.

సంబంధిత చట్టాలు

* గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం, 1890: పిల్లలు సాధారణంగా నివసించే ప్రాంతపు కోర్టులో దరఖాస్తు చేయాలి. ఆలోచించి చెప్పగల వయసు వచ్చిన పిల్లల ఇష్టాన్ని కోర్టు పరిగణించవచ్చు.
* హిందూ మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టం, 1956: ఐదేళ్లు నిండని పిల్లలు మామూలుగా తల్లి వద్ద ఉండాలి. పిల్లల సంక్షేమమే అన్నింటికన్నా ముఖ్యమని 13వ సెక్షన్ చెబుతుంది.
* ఫ్యామిలీ కోర్టుల చట్టం, 1984: విచారణకు ముందు రాజీకి ప్రయత్నించుట 9వ సెక్షన్ ప్రకారం కోర్టు బాధ్యత.
* లీగల్ సర్వీసెస్ అథారిటీస్ చట్టం, 1987: ఇది 1995 నవంబరు 9న అమలులోకి వచ్చింది. దీని క్రింద లోక్ అదాలత్ ఇచ్చే అవార్డు సివిల్ కోర్టు డిక్రీతో సమానం. దానిపై అప్పీలు లేదు.

అనంతపురం ప్రాంతంలో

పూర్వపు అనంతపురం జిల్లా (2022లో దీని నుండి శ్రీ సత్యసాయి జిల్లా ఏర్పడింది) వర్షచ్ఛాయా ప్రాంతం. సాలీనా సగటు వర్షపాతం సుమారు 550 మి.మీ. మాత్రమే. వేరుశనగ పంట ఎండిన ఏడు అనేక కుటుంబాలు బెంగుళూరుకు, కేరళకు వలస పోతాయి. అప్పుడు పిల్లలను ఊరిలో అవ్వాతాతల వద్ద వదలి వెళ్లడం కద్దు. అట్టి దంపతులు విడిపోయినచో పిల్లల "సాధారణ నివాసం" ఏది అనే ప్రశ్న వస్తుంది; దానిని బట్టి ఏ కోర్టుకు వెళ్లాలో తేలుతుంది.

స్త్రీలకు, పిల్లలకు, కరవు బాధితులకు ఉచిత న్యాయసహాయం పొందే హక్కును 1987 చట్టంలోని 12వ సెక్షన్ కల్పించింది. ఇందుకు జిల్లా న్యాయసేవాధికార సంస్థకు దరఖాస్తు చేసుకోవచ్చు.

గ్రామాలలో పెద్దమనుషుల పంచాయితీలో స్టాంపు కాగితంపై వ్రాసుకొనే ఒప్పందాలకు డిక్రీ బలం ఉండదు. ఒకరు మాట తప్పితే రెండవవారు మళ్లీ మొదటి నుండి కోర్టుకు వెళ్లవలసి వస్తుంది. అదే ఒప్పందాన్ని కోర్టులో గాని, లోక్ అదాలత్‌లో గాని నమోదు చేయించినచో అమలు చేయించుకొనే వీలుంటుంది.

రాజీ పత్రంలో ఉండవలసినవి

* పిల్లలు ఉండే ఊరు, ఇల్లు, చదివే బడి
* రెండవవారు పిల్లలను కలిసే రోజులు, సెలవులు, పండుగలు, ఫోనులో మాట్లాడే వేళలు
* పోషణ, వైద్యం, రాకపోకల ఖర్చులు
* వలస వెళ్లవలసి వచ్చినపుడు పిల్లలను ఎవరు చూసుకోవాలి

బిడ్డను అప్పగిస్తే భరణం అడగననే షరతులు కొన్ని పంచాయితీలలో వినిపిస్తాయి. తల్లి తన భరణాన్ని వదులుకున్నప్పటికీ పోషణ పొందే బిడ్డ హక్కు దానితో పోదు.

తరువాతి మార్పులు

కస్టడీ ఉత్తర్వులు స్వభావరీత్యా శాశ్వతమైనవి కావని, ఇరుపక్షాల సమ్మతితో ఇచ్చినవి సైతం పిల్లల సంక్షేమం కోసం మార్చవచ్చునని 1973లో రోసీ జేకబ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కావున రాజీ కుదిరిన తరువాత కూడా బడి, ఆరోగ్యం, నివాసం వంటి పరిస్థితులు మారినపుడు తల్లి గాని తండ్రి గాని తిరిగి కోర్టును ఆశ్రయించవచ్చు.