గేటుకాడ ముసలాయన

రైలు వచ్చే వేళవుతుంది. ముసలాయన లేచి, అడుగులో అడుగు వేసుకుంటూ వెళ్లి గేటు వేస్తాడు. బండి పోతుంది. గేటు తీసి మళ్లీ గదికొస్తాడు. భార్య మగ్గం ముందు కూర్చుని తివాచీ నేస్తుంటుంది. టీ తాగుతాడు, సిగరెట్ ముట్టిస్తాడు. చాలాసేపు సినిమా ఇంతే.

1974లో బెర్లిన్ చిత్రోత్సవంలో సిల్వర్ బేర్ అందుకున్న ఇరాన్ చిత్రం 'స్టిల్ లైఫ్' ఇది. తీసినవారు సొహ్రాబ్ షహీద్ సాలెస్. 1944లో టెహ్రాన్‌లో పుట్టి, వియన్నా, పారిస్‌లలో సినిమా చదువుకుని తిరిగొచ్చిన మనిషి.

అప్పట్లో ఇరాన్ తెరను ఏలింది పాటలు, నృత్యాలు, కొట్లాటలు. 1969లో దారియూష్ మెహర్జుయీ 'గావ్' (ఆవు) తీసి, పల్లె బతుకును ఉన్నదున్నట్టు తెర మీదికి తెచ్చారు. అయితే అందులో ఆవు పోయి మతి చెడిన రైతు కథ ఉంది. షహీద్ సాలెస్ ఆ పాటి కథ కూడా వద్దనుకున్నారు.

1973లో ఆయన తీసిన 'ఎ సింపుల్ ఈవెంట్' కాస్పియన్ తీరంలోని బందర్ షాలో జరుగుతుంది. ఇరాన్ రాజు రెజా షా ఘనంగా చెప్పుకున్న, 1938లో పూర్తయిన రైలుమార్గానికి ఉత్తరపు కొస ఆ ఊరే. అక్కడ ఒక తండ్రి దొంగచాటుగా చేపలు పడతాడు. బడికెళ్లే కొడుకు వాటిని మోసుకుని పరుగెడతాడు. తల్లి జబ్బుపడి చనిపోతుంది. నేపథ్య సంగీతం పొంగదు, గుండెలు బాదుకునేవారు లేరు. మర్నాడూ బతకాలి కనుక ఆ ఇల్లు కదులుతుంది. తండ్రి కొడుక్కి కొత్త బట్టలు కొనబోయి, ధర విని వెనక్కొచ్చేస్తాడు. పేదింట్లో చావు ఎలా ఉంటుందో ఇంత నిజాయితీగా చెప్పిన సినిమాలు అరుదు.

'స్టిల్ లైఫ్'లో సైన్యం నుంచి కొడుకు సెలవు మీద వస్తాడు. తింటాడు, పడుకుంటాడు, వెళ్లిపోతాడు. మాటలు నాలుగైదు మించవు, ప్రేమ లేక కాదు. తర్వాత ముసలాయన చేతికి పదవీ విరమణ కాగితం వస్తుంది. అదేమిటో ఆయనకు బోధపడదు. ఆఫీసుకెళ్లి అడిగితే పట్టించుకునే దిక్కుండదు. అప్పటికే ఆ గదిలోకి కొత్త కుర్రాడు వచ్చేస్తాడు.

చమురు డబ్బుతో దేశం వెలిగిపోతోందని ప్రభుత్వం చాటుకుంటున్న రోజులవి. ఆ వెలుగు పడని గదిలో షహీద్ సాలెస్ కెమెరా పెట్టారు.

1970ల నడుమ ఆయన జర్మనీకి వెళ్లిపోయారు, సినిమాలు అక్కడే తీశారు. ఆయన సినిమాల నెమ్మదితనాన్ని అందిపుచ్చుకున్న ఇరాన్ దర్శకుడు అబ్బాస్ కియరొస్తామీకి 1997లో కాన్ చిత్రోత్సవం అత్యున్నత పురస్కారం ఇచ్చింది. మరుసటి ఏడాదే షహీద్ సాలెస్ చికాగోలో కన్నుమూశారు.