బి గ్రూపు బతికిన నాలుగేళ్లు

ఎస్సీ కోటాను ఏ, బి, సి, డి గ్రూపులుగా పంచిన ఆ చట్టానికి ఐదేళ్లు కూడా నిండలేదు. 1999 డిసెంబరులో ఆర్డినెన్సుగా పుట్టింది, 2000లో చట్టమైంది, 2004 నవంబరు 5న సుప్రీంకోర్టులో పోయింది. షెడ్యూల్డ్ కులాల రిజర్వేషన్ల హేతుబద్ధీకరణ చట్టమని దానికో పెద్ద పేరు. అప్పటి అనంతపురం జిల్లాలోని నల్లమాడ చుట్టుపక్కల పల్లెల్లో మాత్రం ఏబీసీడీ అంటేనే తెలుస్తుంది.

రోస్టర్ రిజిస్టర్ తిరగేసినవాళ్లకు ఈ గొడవ ఇట్టే అర్థమవుతుంది. అప్పట్లో మొత్తం నూరు గళ్లు. రెండోది ఎస్సీ మహిళకు, ఏడోది ఎస్సీకి, పదహారోది మళ్లీ ఎస్సీకి. అలా నూటికి పదిహేను. రాయలసీమ జోనుకు పది పోస్టులు వస్తే ఎస్సీలకు దక్కేవి రెండే. ఆ రెండింటి కోసం ఉమ్మడి రాష్ట్రంలోని 59 కులాలు ఒకే వరుసలో నిలబడాల్సి వచ్చేది. తాత కాలం నుంచే బడి ఉన్న ఇంటి పిల్లకూ, అయ్య చెప్పులు కుడుతుంటే శెనక్కాయ కూలికి పోతూ డిగ్రీ కట్టిన పిల్లకూ మెరిట్ లిస్టు ఒక్కటే. మార్కులకు కులం తెలియదంటారు. నిజమే, మార్కులు తెచ్చుకోవడానికి పట్టిన కష్టమూ వాటికి తెలియదు.

1994 జులై 7న ప్రకాశం జిల్లా ఈదుమూడిలో మంద కృష్ణ మాదిగ మొదలుపెట్టిన దండోరా ఉద్యమం ఈ లెక్కనే అడిగింది, ఎస్సీ కోటాను వర్గీకరించమంది. జస్టిస్ రామచంద్రరాజు కమిషన్ వేశారు. 1997 జూన్‌లో వర్గీకరణ జీవోలు వచ్చాయి, సెప్టెంబరులో హైకోర్టు కొట్టేసింది. అది మొదటి దెబ్బ. ఆర్డినెన్సుతో వర్గీకరణ మళ్లీ లేచింది. రెల్లి, దాని ఉపకులాలు ఏ గ్రూపు, 1 శాతం. మాదిగలు బి, 7. మాలలు సి, 6. ఆది ఆంధ్రులు డి, 1. ఈసారి హైకోర్టు కూడా సరేనంది.

ఆ నాలుగేళ్లూ అనంతపురం జిల్లాకు మంచి కాలమేం కాదు. 2002లో వాన మొహం చాటేసింది. శెనగ చెట్టు ఊడ దిగకముందే వాడిపోయింది. కదిరి మీదుగా బెంగుళూరు బస్సెక్కినవాళ్లలో డిగ్రీ సర్టిఫికెట్లున్నవాళ్లూ ఉన్నారు. చేను చేతికి రాని ఏడాది సర్కారు కొలువు ఒక్కటే పంట. ఆ కొలువు నోటిఫికేషన్‌లో ఎస్సీ పక్కన బి అనే అక్షరం కనబడితే, ఈ జిల్లా ఎస్సీల్లో ఎక్కువమంది అయిన మాదిగ పిల్లలకు అదెంత ధైర్యమో వేరే చెప్పాలా?

ఇ.వి. చిన్నయ్య కేసులో జస్టిస్ సంతోష్ హెగ్డే నాయకత్వంలోని ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ అక్షరాన్ని చెరిపేసింది. 341వ అధికరణం కింద రాష్ట్రపతి ప్రకటించిన జాబితాలోని కులాలన్నీ ఒకే వర్గం, దాన్ని ముక్కలు చేసే అధికారం రాష్ట్రానికి లేదు అన్నది తీర్పు సారాంశం. కోర్టుకెక్కినవారి వాదననూ తేలిగ్గా తీసిపారేయలేం. అంటరానితనం అందరినీ ఒకేలా కొట్టినప్పుడు రక్షణను ఎందుకు చీల్చాలి, చీలితే లాభం ఎవరికి అని మాలల ఇళ్లలో నిజంగానే భయం ఉండింది. కానీ పల్లెలో మాలపల్లె వేరు, మాదిగపల్లె వేరు. బావి దగ్గర వేరుగా, పెళ్లిళ్లలో వేరుగా ఉన్నది జాబితాలో మాత్రం ఒక్కటైంది. నా మనసు ఈ వైపే మొగ్గుతుందని దాచను.

తర్వాత జరిగిందంతా ఎదురుచూపే. అసెంబ్లీ తీర్మానం చేసి ఢిల్లీకి పంపింది. ఉషా మెహ్రా కమిషన్ రాజ్యాంగ సవరణ చేయమంది. సవరణ రాలేదు.   ప్రతి నోటిఫికేషన్‌కూ ఎస్సీలందరిదీ మళ్లీ ఒకే వరుస. కొందరు టీచర్లయ్యారు, కొందరు కండక్టర్లయ్యారు, చాలామంది బెంగుళూరులోనే ఉండిపోయారు.

2024 ఆగస్టు 1న ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం, పంజాబ్‌కు చెందిన దవిందర్ సింగ్ కేసులో, చిన్నయ్య తీర్పు తప్పని 6-1తో చెప్పింది. జస్టిస్ బేలా త్రివేది ఒక్కరే విభేదించారు. 2025 ఏప్రిల్‌లో ఆంధ్రప్రదేశ్ మళ్లీ ఆర్డినెన్సు తెచ్చింది. ఈసారి అక్షరాలు లేవు, మూడు గ్రూపులు: రెల్లి వర్గానికి 1, మాదిగ వర్గానికి 6.5, మాల వర్గానికి 7.5. రాష్ట్రం విడిపోయాక జనాభా లెక్క తిరగబడింది, 7 కాస్తా ఆరున్నరైంది. తెలంగాణలో మాదిగలున్న గ్రూపుకు 9 వచ్చింది.

2023 చివర్లో ఏపీపీఎస్సీ ఇచ్చిన గ్రూప్-1 నోటిఫికేషన్‌లో గరిష్ఠ వయసు 42. ఎస్సీలకు ఐదేళ్ల సడలింపు కలిపితే 47. చిన్నయ్య తీర్పు నాడు ఇరవై ఎనిమిదేళ్లున్న అభ్యర్థికి, ఆ తీర్పు తప్పని తేలిన ఏడాది నలభై ఎనిమిది.